కృతజ్ఞతలు మాకొద్దు

సినిమాల్లో తెరవెనుక స్త్రీల గురించి మాట్లాడమంటే మనవాళ్ళు వెంటనే డైరెక్టర్ల పేర్లు చెబుతారు. 1953లో 'చండీరాణి' తీసిన భానుమతి, నలభైకి పైగా సినిమాలు తీసి 2002లో గిన్నిస్ పుస్తకంలోకి ఎక్కిన విజయనిర్మల. ఆ పేర్లు చెప్పుకోవాల్సిందే, గర్వంగానే చెప్పుకోవాలి. కానీ పోస్టరు మీద పేరున్న మనిషి తెరవెనుక మనిషి ఎలా అవుతుంది? నేను మాట్లాడుతున్నది ఆ పోస్టరు మీద కాదు గదా, సినిమా అయిపోయి హాల్లో లైట్లు వేసేశాక పడే టైటిల్స్‌లో కూడా తమ పేరు ఎక్కడ పడుతుందో, అసలు పడుతుందో లేదో తెలియని వాళ్ళ గురించి. మన స్త్రీవాద విమర్శ ఇప్పటివరకు వాళ్ళ దాకా రాలేదు. ఎందుకు రాలేదు అన్నదే ఈ వ్యాసంలో నా గొడవ.

నేను సాహిత్యంలో పిహెచ్‌డి చేశాను. ఫెలోషిప్ గడువు ముగిసిన దగ్గర్నుంచి థీసిస్ ఇచ్చేదాకా, ఇచ్చాక లెక్చరర్ పోస్టుల నోటిఫికేషన్ కోసం ఎదురుచూసినన్నాళ్ళూ నాకు అన్నం పెట్టినవి రెండు పనులు. ఒకటి, ఏ పెద్ద నిర్మాతా లేకుండా స్నేహితుల డబ్బుతో తీసే చిన్న సినిమాల్లో కంటిన్యుటీ చూడడం, తర్వాత వాటికి సబ్‌టైటిల్స్ రాయడం. రెండోది, వీడియో గేములు టెస్ట్ చేయడం. వీటికీ వాటికీ ఏం సంబంధం అని చాలామంది అడిగారు. చేసినదాన్ని కాబట్టి చెబుతున్నాను, రెండూ ఒకే పని. తప్పు పట్టుకోవడం. తప్పు బయటికి పోకుండా ఆపడం. ఇల్లు ఊడ్చినట్టే ఇది కూడా. ఊడ్చిన రోజు ఎవరికీ ఏమీ కనిపించదు. ఊడ్వని రోజు మాత్రం ఇంటిల్లిపాదికీ చెత్త కనిపిస్తుంది.

కంటిన్యుటీ అంటే ఏమిటో కొంచెం చెప్పాలి. సినిమా కథ నడిచిన వరసలో తియ్యరు. తలుపు తెరిచిన షాట్ ఇవాళ తీస్తే, ఆ తలుపులోంచి లోపలికి వచ్చిన షాట్ పన్నెండు రోజుల తర్వాత ఇంకో ఊళ్ళో తీస్తారు. అప్పుడు ఆమె చేతికి ఎన్ని గాజులున్నాయి, జుట్టు తడిగా ఉందా ఆరిందా, గ్లాసులో టీ ఎంతవరకు ఉంది, డైలాగులో ఏ మాట దగ్గర తల తిప్పింది, ఇవన్నీ ఒకరు రాసిపెట్టుకోవాలి. ప్రతి టేక్‌కీ రాయాలి. ఏ టేక్ బాగుందని డైరెక్టర్ అన్నాడో, ఎందుకన్నాడో రాయాలి. ఎడిటింగ్ టేబుల్ దగ్గర ఆ నోట్సు లేకపోతే ఎడిటర్ చీకట్లో వెతుక్కోవాల్సిందే. ఒక కథనాన్ని ముక్కలుగా చూస్తూ, మొత్తాన్ని బుర్రలో నిలబెట్టుకోవడం అన్నమాట. సాహిత్య పరిశోధనలో నేను నేర్చుకున్నది ఇదే. సెమినార్లో చేస్తే దీన్ని విశ్లేషణ అంటారు. షూటింగ్‌లో చేస్తే 'అమ్మాయి నోట్సు రాసుకుంటోంది' అంటారు.

అక్కడితో ఆగితే కూడా బాగుండేది. చిన్న సినిమాలో కంటిన్యుటీ చూసే అమ్మాయే నటికి చీర పిన్ను పెట్టాలి. షూటింగ్‌కి ఇల్లిచ్చిన వాళ్ళావిడతో 'ఇంకో గంటేనమ్మా' అని బతిమాలాలి, ఎందుకంటే 'ఆడవాళ్ళతో నువ్వయితేనే బాగా మాట్లాడతావు'. ఊళ్ళో ఎవరింట్లో బాత్రూమ్ వాడుకోనిస్తారో కనుక్కోవాలి. యాభై మందికి ఉప్మా సరిపోతుందో లేదో చూడాలి. ఇవి ఎవరూ పురమాయించిన పనులు కావు. నిలబడి ఉన్న ఆడమనిషి మీదికి వాటంతటవే వచ్చి వాలతాయి. అదే సెట్లో అదే హోదాలో ఉన్న కుర్రాడు సాయంత్రం మానిటర్ పక్కన కూచుని డైరెక్టర్‌తో లెన్సుల గురించి మాట్లాడుతుంటాడు. రెండో సినిమాకి అతను కో డైరెక్టర్ అవుతాడు. ఆమె మళ్ళీ కంటిన్యుటీ.

నేను పనిచేసిన సినిమాల్లో ఒకదానికి టైటిల్స్ తయారైనప్పుడు నా పేరు దర్శకత్వ విభాగంలో లేదు. ముప్ఫై రెండు రోజుల కంటిన్యుటీ, వంద నిమిషాల సబ్‌టైటిల్స్ చేసిన మనిషి పేరు 'ప్రత్యేక కృతజ్ఞతలు' కింద ఉంది. నా పైన జనరేటర్ అద్దెకిచ్చిన షాపు, నా కింద గ్రామ సర్పంచ్. అడిగితే, 'నువ్వు మన మనిషివి కదా' అన్నారు. ఈ 'మన మనిషి' అన్న మాట ఎంత ఖరీదైనదో స్త్రీలకు చెప్పక్కర్లేదు. ఇంట్లో జీతం ఎగ్గొట్టడానికి తరతరాలుగా వాడుతున్నది ఆ మాటే.

కృతజ్ఞత వేరు, గుర్తింపు వేరు. మేలు చేసిన వాళ్ళకి కృతజ్ఞత చెబుతాం. పని చేసిన వాళ్ళకి కూలి, పేరు ఇస్తాం. చేసిన పనిని మేలు కింద జమ కడితే బాకీ తీరిపోయినట్టే. 1979లో అమెరికన్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ సన్మానించినప్పుడు హిచ్‌కాక్ నలుగురికి కృతజ్ఞతలు చెప్పాడు. ఒక ఎడిటర్‌కి, ఒక స్క్రిప్టు రచయితకి, తన కూతురి తల్లికి, ఇంట్లో అద్భుతాలు చేసిన వంటమనిషికి. నలుగురి పేరూ ఆల్మా రెవిల్ అన్నాడు. జనం కరిగిపోయారు. ఆ ప్రసంగాన్ని ఇప్పటికీ ప్రేమకు గుర్తుగా చెప్పుకుంటారు. నాకు మాత్రం అది ఒకే మనిషి చేత నాలుగు ఉద్యోగాలు చేయించుకున్నట్టు బహిరంగంగా ఒప్పుకోవడంలా వినిపిస్తుంది. ఆల్మా రెవిల్ అతని కంటే ముందే సినిమా రంగంలోకి వచ్చిన ఎడిటర్. 'సైకో' (1960) తుది దశలో, చచ్చి నేలమీద పడివున్న నటి గొంతు కదలడాన్ని అంతమందిలో ఆమె ఒక్కతే పట్టుకుందని హిచ్‌కాక్ జీవితం రాసినవాళ్ళు చెబుతారు. ఆ సినిమా టైటిల్స్‌లో ఆమె పేరు లేదు.

ఇది ఒక కాపురం కథ కాదు. హాలీవుడ్ తొలి రోజుల్లో ఫిల్ము కోసి అతికించే గదుల్లో చాలామంది ఆడవాళ్ళే ఉండేవారు. ఓపికగా చేతులతో చేసే పని కాబట్టి కుట్టుపనితో పోల్చారు. ఎడిటింగ్ ఒక కళ అని, దానిలో పేరూ డబ్బూ ఉన్నాయని తెలిసేకొద్దీ ఆ గదుల్లో మగవాళ్ళు పెరిగారు. కంటిన్యుటీ చూసే మనిషిని మాత్రం దశాబ్దాల పాటు 'స్క్రిప్ట్ గర్ల్' అనే పిలిచారు, ఆమెకు యాభై ఏళ్ళున్నా సరే.

సినిమాలు లేని నెలల్లో నేను గేమ్ టెస్టింగ్‌కి వెళ్ళాను. హైదరాబాద్‌లో ఈ పని చేసే ఆఫీసులు ఉన్నాయి. ఉద్యోగం కంపెనీది కాదు, మధ్యలో ఒక ఏజెన్సీ ఉంటుంది. కాంట్రాక్టు ఆరు నెలలు, పొడిగిస్తే ఇంకో ఆరు నెలలు. 'ఆడుకోవడానికి డబ్బులిస్తారా!' అని బంధువులు ఆశ్చర్యపోయారు. ఆటకీ టెస్టింగ్‌కీ ఉన్న దూరం భోజనం చేయడానికీ, పెళ్ళివంటలో ఉప్పు చూడడానికీ ఉన్నంత. ఒక గదిలోకి వెళ్ళి నాలుగు గోడలనూ ప్రతి మూలా గుద్దుకుంటూ నడవాలి, ఎక్కడైనా బొమ్మ గోడలోకి దూరిపోతుందేమో చూడాలి. దూరితే, ఏం చేస్తే దూరిందో వరసగా రాయాలి. ఏం జరగాలి, ఏం జరిగింది, ఎన్నిసార్లు చేస్తే ఎన్నిసార్లు జరిగింది, దాని తీవ్రత ఎంత. వీడియో జతచేయాలి. సరిచేశాం అని కొత్త బిల్డ్ వస్తే, పాత తప్పు పోయిందా, పోతూ పోతూ ఇంకో తప్పు తెచ్చిందా అని మళ్ళీ మొదట్నుంచీ చూడాలి. ఒకే చావును రోజుకి ఎనభై సార్లు చూసిన రోజులున్నాయి.

నన్ను ముఖ్యంగా తీసుకున్నది తెలుగు కోసం. ఫోన్లో ఆడే ఒక ఆటను భారతీయ భాషల్లోకి తెస్తున్నారు. ఏ ఆటో చెప్పకూడదు, సంతకం పెట్టించుకున్నారు. అక్కడ మొదట దొరికేవి ఒత్తులు ఊడిపోవడం, వాక్యం పెద్దదై బటన్ బయటికి వేలాడడం లాంటివి. వాటిని వెంటనే సరిచేసేవారు. ఇంకొకటి దొరికింది. ఆటగాళ్ళు తమ పాత్రను ఎంచుకోవచ్చు, ఆడో మగో. ఎవరిని ఎంచుకున్నా చివర్లో తెర మీద 'గెలిచాడు' అనే పడుతుంది. కత్తి పట్టుకున్న అమ్మాయి బొమ్మ, కింద 'గెలిచాడు'. ఇంగ్లీషులో ఆ క్రియకు ఆడామగా తేడా లేదు కాబట్టి అక్కడ అది తప్పే కాదు. తెలుగులో తప్పు. దాన్ని దిద్దడానికి కావలసింది ఒక్క అక్షరం. 'గెలిచారు' అంటే చాలు, ఇద్దరికీ సరిపోతుంది, మర్యాదగానూ ఉంటుంది. రిపోర్టు రాశాను, కారణం వివరించాను. తీవ్రత 'తక్కువ' అని మార్చి, 'సరిచేయబోవడం లేదు' అని మూసేశారు. మళ్ళీ తెరిచాను. మళ్ళీ మూసేశారు. బటన్ బయటికి వేలాడే అక్షరం లోపం. ఆడదాన్ని మగాడనడం లోపం కాదు.

భాషలో పురుషుడే మనిషికి కొలమానం అని మనం పేజీలకు పేజీలు రాశాం. ఆ మాట వ్యాసంలో చెప్పడం ఒక ఎత్తు. లక్షలమంది పిల్లలు చూసే తెర మీద పడకముందు దాన్ని ఆపగలిగే చోట కూచోవడం ఇంకో ఎత్తు. ఆ చోట కూచున్న మనిషికి అధికారం లేదు, ఉద్యోగ భద్రత లేదు, తను ఏం చేసిందో బయట చెప్పుకునే హక్కు కూడా లేదు. నా బయోడేటాలో ఆ ఏడాది ఖాళీగా ఉంటుంది. స్త్రీవాదానికి ఇది చిన్న విషయమా?

పేరు రాదు గానీ నింద మాత్రం తప్పకుండా వస్తుంది. పోలండ్‌లో తయారైన 'సైబర్‌పంక్ 2077' అనే ఆట 2020 డిసెంబరులో ఎన్ని లోపాలతో విడుదలైందంటే, సోనీ దాన్ని తన స్టోర్‌లోంచి తీసేసి కొన్నవాళ్ళకు డబ్బు వెనక్కిచ్చింది. 2021 జనవరిలో ఆ కంపెనీ వ్యవస్థాపకుల్లో ఒకరు క్షమాపణ వీడియో చేసి, జనానికి ఎదురైన సమస్యల్లో చాలాభాగం తమ టెస్టింగ్‌లో కనబడలేదన్నాడు. కొద్ది రోజులకే, ఆ లోపాల్లో చాలావాటిని ముందే కనిపెట్టారని, దిద్దడానికి టైమ్ లేకపోయిందని అక్కడి ఉద్యోగులు చెప్పినట్టు బ్లూమ్‌బర్గ్ రాసింది. కూర మాడితే వండిన దాని తప్పు, పెళ్ళి బాగా జరిగితే పెద్దల ఘనత. ఈ న్యాయం మనకు కొత్తది కాదు.

పేరు కోసం గొడవ కూడా ఈ రంగంలో పాతదే. అటారీ కంపెనీ తన తొలి ఆటల మీద తయారుచేసినవాళ్ళ పేర్లు వేసేది కాదు. అందుకే వారెన్ రాబినెట్ అనే ప్రోగ్రామర్ 1980 నాటి 'అడ్వెంచర్' ఆటలో ఒక రహస్య గది కట్టి అందులో తన పేరు దాచాడు. ఆ తిరుగుబాటును ఇవాళ ముచ్చటగా చెప్పుకుంటారు. నాకూ ఇష్టమే. కానీ ఆలోచించండి, ఆటను కట్టేవాడికి పేరు దాచుకోవడానికి ఒక గది ఉంటుంది. టెస్టర్‌కి ఏ గదీ లేదు. అలాంటి గది కంటబడితే బగ్ అని రిపోర్టు రాయడం ఆమె పని.

టెస్టర్లందరూ ఆడవాళ్ళు కారు. మగపిల్లలు బోలెడుమంది. నా వాదన మనుషుల లెక్క గురించి కాదు, పని స్వభావం గురించి. ఓపిక, శుభ్రం, జాగ్రత్త, చేసిందే చెయ్యడం, ఇవి ఏ పనిలో ఉంటాయో అది ఆడపని అయిపోతుంది. అయిపోయాక మగవాడు చేసినా దాని ధర పెరగదు. వాళ్ళ చేత కూడా 'ఆటలంటే ఇష్టం కదా' అని చవగ్గా చేయిస్తారు. మన దగ్గర ఆ మాట 'సినిమా అంటే ఇష్టం కదా', 'పిల్లలంటే ఇష్టం కదా' అని ఎన్నో వేషాల్లో తిరుగుతోంది.

అయితే ఈ పరిస్థితి మారదా? అడిగిన చోట మారింది. అమెరికాలో రేవెన్ సాఫ్ట్‌వేర్ అనే స్టూడియోలో 2021 డిసెంబరులో 12 మంది టెస్టర్లను తీసేస్తున్నామన్నారు. అరవై మంది పని ఆపి బయటికి వచ్చారు. 2022 మే నెలలో యూనియన్ కోసం ఓట్లు వేస్తే 19 మంది కావాలన్నారు, ముగ్గురు వద్దన్నారు. దానికి నెల ముందు మాతృసంస్థ యాక్టివిజన్ బ్లిజార్డ్ దాదాపు 1,100 మంది తాత్కాలిక టెస్టర్లను పర్మనెంట్ చేసి గంటకు కనీసం 20 డాలర్లు ఇస్తామంది, గొడవ మొదలుపెట్టిన రేవెన్ టెస్టర్లకు మాత్రం ఆ పెంపు ఇవ్వలేదు. 2023 జనవరిలో మైక్రోసాఫ్ట్ కింద ఉన్న జెనిమాక్స్‌లో దాదాపు 300 మంది టెస్టర్లు యూనియన్ పెట్టుకున్నారు.

మన దేశంలోనూ ఉంది. ముంబయి సినిమా మేకప్ సంఘం దశాబ్దాల తరబడి ఆడవాళ్ళకు హెయిర్‌డ్రెస్సర్ కార్డు మాత్రమే ఇచ్చేది, మేకప్ ఆర్టిస్టు కార్డు మగవాళ్ళకే. ఆడవాళ్ళను రానిస్తే మగవాళ్ళకు పని పోతుందని వాళ్ళ వాదన. చారు ఖురానా తోటి కళాకారిణులతో కలిసి సుప్రీంకోర్టుకు వెళ్ళింది. 2014 నవంబరులో కోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. ఆమె అడిగింది హీరోయిన్ వేషం కాదు, డైరెక్టర్ కుర్చీ కాదు. ఒక కార్డు. తను చేసే పనికి దాని అసలు పేరు.

ఇక నాకు ఎదురయ్యే అభ్యంతరాలు. మొదటిది, 'చిన్న సినిమాలకు డబ్బెక్కడిదమ్మా?' కెమెరా అద్దె ఏ రోజుకారోజు కడతారు. జనరేటర్ డీజిల్ అప్పు పెట్టరు. డబ్బు లేకపోవడం అన్నది ఎప్పుడూ ఆడవాళ్ళ కూలి దగ్గరే గుర్తొస్తుంది. సరే, నిజంగానే లేదనుకుందాం. పేరు సరైన చోట వెయ్యడానికి ఎంత ఖర్చవుతుంది? కాగితం మీద ఒప్పందం రాసుకోవడానికి? సినిమా కార్మికులను రాతపూర్వక ఒప్పందం లేకుండా పెట్టుకోకూడదని 1981 చట్టమే చెప్పింది. దాని స్థానంలో 2025 నవంబరులో అమల్లోకి వచ్చిన కార్మిక కోడ్ ఆ నియమాన్ని టీవీ, వెబ్ సిరీస్, యానిమేషన్ పనులకు కూడా విస్తరించింది. నేను పనిచేసిన ఏ సినిమాలోనూ అలాంటి కాగితం నా కంటబడలేదు.

రెండో అభ్యంతరం మనవాళ్ళదే. 'సినిమా రంగంలో లైంగిక వేధింపులు ఇంత భయంకరంగా ఉంటే నువ్వు టైటిల్స్ గురించి మాట్లాడతావేంటి?' అని ఒక స్నేహితురాలు అడిగింది. ఆ రెండూ వేరు కావు. 2013 నాటి వేధింపుల నిరోధక చట్టం ఏజెన్సీ ద్వారా వచ్చినవాళ్ళను, జీతం లేకుండా పనిచేసేవాళ్ళను కూడా ఉద్యోగులుగానే లెక్కిస్తుంది. చాలా మంచి నిర్వచనం. కానీ ఫిర్యాదు చేసే రోజున, ఆ సెట్లో నువ్వు పనిచేశావనడానికి రుజువేది? ఒప్పందం లేదు, రసీదు లేదు, టైటిల్స్‌లో విభాగం లేదు. కృతజ్ఞతల జాబితాలో ఉన్నావు, అంటే వచ్చిపోయిన అతిథివి. కేరళ ప్రభుత్వం 2017లో వేసిన హేమ కమిటీ 2019 డిసెంబరులో నివేదిక ఇస్తే అది బయటపడింది 2024 ఆగస్టులో. షూటింగుల్లో ఆడవాళ్ళకు టాయిలెట్లు, బట్టలు మార్చుకునే చోటు కూడా లేకపోవడాన్ని ఆ నివేదిక వేధింపులతో పాటే రాసింది. పెద్ద అన్యాయం, చిన్న అన్యాయం ఒకే ఇంట్లో కాపురముంటాయని దానికి తెలుసు. మనకూ తెలియాలి.

నిజానికి మనకు తెలిసిన విషయమే. 1986లో స్త్రీశక్తి సంఘటన 'మనకు తెలియని మన చరిత్ర' వేసినప్పుడు చేసింది ఇదే. తెలంగాణ పోరాట నాయకుల జాబితా పట్టుకుని అందులో ఆడవాళ్ళెందరని లెక్కపెట్టి ఊరుకోలేదు. ఉద్యమాన్ని నిలబెట్టిన స్త్రీలను వెతుక్కుంటూ వెళ్ళి, వాళ్ళ నోటితోనే చెప్పించింది. అంతకు మూడేళ్ళ ముందు, 1983లో, అదే సంఘటన యుగాంతర్ బృందంతో కలిసి ఇంట్లో జరిగే హింస మీద 'ఇది కథ మాత్రమేనా' అనే సినిమా తీసింది. దర్శకురాలు దీపా ధన్‌రాజ్. ఇవాళ ఆ సినిమా గురించి రాస్తూ ఆమె పేరొక్కటే రాసి ఊరుకుంటే, కలిసి తీసిన ఆ పద్ధతికే అన్యాయం చేసినట్టు. పుస్తకం విషయంలో మన దగ్గర ఉన్న ఆ చూపు సినిమా దగ్గరికి వచ్చేసరికి ఏమైంది? ఆట దగ్గరికి అసలు ఎందుకు రాలేదు?

సాహిత్య విమర్శలో పెరిగిన మనకు కర్త ఒక్కరే ఉండాలి. కవి, నవలాకారిణి, డైరెక్టర్. సంతకం ఎవరిదో వెతికి అక్కడ ఆగిపోతాం. రాత ప్రతిని సాఫుగా ఎత్తిరాసిన భార్య, ప్రూఫులు దిద్దిన అమ్మాయి, టేకుల లెక్క రాసిన మనిషి, వీళ్ళు మనకు పాఠంలో భాగం కారు. మన పత్రికల్లోనే చూడండి, ప్రూఫులు దిద్దినవాళ్ళ పేరు ఎన్నిటిలో ఉంది? మనం పితృస్వామ్యాన్ని విమర్శిస్తూ దాని జమాఖర్చు పుస్తకాన్ని మాత్రం యథాతథంగా వాడుకుంటున్నాం.

కాబట్టి సినిమా తీసే స్నేహితులకు, స్త్రీవాద సినిమా తీస్తున్నామనే స్నేహితులకు మరీ ముఖ్యంగా, చెబుతున్నాను. మొదటి రోజు షూటింగ్‌కి ముందే కాగితం రాయండి. రోజు కూలి ఎంతో అందులో వెయ్యండి, తక్కువైతే తక్కువనే వెయ్యండి. పేరు ఏ విభాగం కింద పడుతుందో రాయండి. గేముల రంగంలో పేర్లు ఎలా వెయ్యాలో అంతర్జాతీయ గేమ్ డెవలపర్ల సంఘం మార్గదర్శకాలు ప్రచురించింది, పాటించి తీరాలన్న బలవంతం లేదు. ఆ బలవంతం తెచ్చేది అక్కడ పనిచేసేవాళ్ళే. హైదరాబాద్‌లో రాత్రి షిఫ్టు దిగి క్యాబ్ కోసం నిలబడే పిల్లలతో మన సంఘాలు ఒక్కసారైనా మాట్లాడాలి. విమర్శ రాసే మనం సినిమా గురించి రాసేముందు టైటిల్స్ ఆఖరి అక్షరం దాకా చదవాలి, కృతజ్ఞతల జాబితాలో ఆడవాళ్ళ పేర్లు కనబడితే వాళ్ళు ఏం పని చేశారో ఫోన్ చేసి కనుక్కుని రాయాలి.

నా మటుకు నేను నిర్ణయించుకున్నాను. పిలిచిన ప్రతి సినిమాకీ ఇక ముందు ఒకే ప్రశ్న వేస్తాను, నా పేరు ఎక్కడ వేస్తారు అని. 'మన మనిషివి కదా' అన్నారంటే, ఆ మనుషుల దగ్గర నా నోట్‌బుక్ తెరవను.